చూడని ముఖం

అలెగ్జాండ్రియాలోని ఒక భవనం తలుపుకున్న కెమెరా, అక్కడుండేవాళ్ళ ముఖాలు గుర్తుపట్టి పేరుతో పిలుస్తుంది. అర్ధరాత్రి వాచ్‌మన్ షుక్రీ తలుపు పక్కనున్న తన గదిలో టీ కాచుకుంటుంటే అది పలికింది. "రండి, వగ్దీ."

వగ్దీ అతని తమ్ముడు. ఈ గదిలోనే అతనితో ఉండేవాడు. నిరుడు సముద్రంలో మునిగిపోయాడు. శవాగారంలో గుడ్డ తొలగించినప్పుడు షుక్రీ చూడలేక, కళ్ళు మూసుకునే "వాడే" అన్నాడు. పూడ్చేముందు ముఖం మీది కఫన్ గుడ్డ తొలగించి నుదురు ముద్దాడమంటే గోడవైపు తిరిగాడు.

బయట నీటిచుక్కలు రాలుతున్న చప్పుడు.

"అన్నయ్యా, గడియ తియ్యి. చలేస్తోంది."

షుక్రీ కదల్లేదు.

"పోనీ, ఈసారైనా నా మొహం చూడరాదూ."

తలుపు పక్కనే, బయటున్నవాళ్ళని చూపే కెమెరా తెర వెలుగుతోంది. ఒక్క చూపు చాలు. సిగ్గుతో చితికిపోతూ, షుక్రీ మళ్ళీ గోడవైపే తిరిగాడు.