ఇంకో లోకం హీరో

"ఎవడే వీడు?" ఆమె గీస్తున్న బొమ్మను చూసి, భర్త ఆమె జుట్టు పట్టుకుని ముఖాన్ని బొమ్మలు గీసే బల్లకేసి కొట్టాడు. ఇంకు సీసా దొర్లింది.

"మన కామిక్స్ హీరోనేనండీ. ఇంకో లోకంలో రాక్షసుడై పుడితే ఎలా ఉంటాడో, అదే ఈ నెల కథ."

"హీరో బొమ్మకి ఇన్నేళ్లూ మోడల్‌గా నిలబడింది నేను! వీడికెవడు నిలబడ్డాడు? ఆ కళ్లు, ఆ పళ్లు నూరడం... ఎవడి కొంపలో కూర్చుని గీశావ్?"

మళ్లీ కొట్టాడు. ముక్కులోంచి రక్తం కాగితం మీద పడింది.

ముఖాల్లో కోపం, నవ్వు సరిచూసుకోవడానికి బల్ల మీద పెట్టుకున్న అద్దాన్ని ఆమె అతనివైపు తిప్పింది.

అవే కళ్లు. అవే పళ్లు. ఎత్తిన పిడికిలి గాల్లోనే ఆగిపోయింది.

ఆమె పెన్సిల్ అందుకుంది.

"కదలకండి. పెదవి దగ్గర గీత ఇంకా కుదర్లేదు."