అన్నకు కారణం

"అన్నదమ్ముల గొడవ నమ్మేలా లేదు. అన్న పందొమ్మిదేళ్ళు ఎందుకు మాట్లాడలేదో కారణం ఉండాలి. మార్చి పంపండి."

తిరిగొచ్చిన కథ మీద పత్రిక ఎడిటర్ రాసిన మాటలివి. దేవేంద్ర రెండుసార్లు చదివాడు.

కారణం అతనికీ తెలియదు. అతను రాజాంలో జూనియర్ కాలేజీ లెక్చరర్. అన్న గంగరాజు విజయనగరంలో ఉంటాడు. దేవేంద్ర ఇంటర్ చదువుతున్నప్పుడు అన్న ఒకరోజు ఇల్లు వదిలి వెళ్ళిపోయాడు. అప్పటినుంచి తమ్ముడితో మాటల్లేవు. ఎదురుపడితే చూపు తిప్పుకుంటాడు. మొదట్లో దేవేంద్రకి ఏడుపొచ్చేది. తర్వాత అదీ రావడం మానేసింది. ఆ అన్ననే కథలో పెట్టాడు.

హుద్‌హుద్ తుపానుకి ఎగిరిపోతే కొత్తగా వేయించిన రేకుల కింద, వసారాలో తల్లి లక్ష్మణమ్మ ఉలవలు చెరుగుతోంది. ఆమెకి చదువు రాదు. దేవేంద్ర పక్కన కూర్చుని కథంతా చదివి వినిపించాడు.

"పొలం గొడవని పెట్టేయనా?" అని అడిగాడు.

"పొలానికి పందొమ్మిదేళ్ళేటి?" చేట ఆపింది. "సిన్నోడు ఆ అమ్మకి పుట్టినోడు కాదని రాయి."

"మరి?"

"ఆల నాన్నకి ఏరే ఆవిడ దగ్గర పుట్టినాడు. ఆవిడ పోతే, నెలల పిల్లోణ్ణి తెచ్చి ఈ అమ్మ ఒళ్ళో ఎట్టేసినాడు. ఆ ఏడే ఊరు మారిపోనారు. పెద్దోడికి తొమ్మిదేళ్ళు. అన్నీ సూసినాడు."

"ఆ అమ్మ పెంచిందా?"

"పెద్దోడి కన్నా ఎక్కువే సూసింది. ఆడికి అదే కోపం."

"కోపమైతే తిట్టొచ్చు గదమ్మా. మాటెందుకు మానేయడం?"

"నోరు తెరిస్తే తమ్ముడికి ఆ సంగతి సెప్పేస్తానని బయ్యం."

"బాగుందమ్మా. నీకెలా తట్టింది?"

ఆమె మళ్ళీ ఉలవలు చెరగడం మొదలుపెట్టింది.

దేవేంద్ర అలాగే రాశాడు. పత్రికవాళ్ళు వేసుకున్నారు. అచ్చయి వచ్చేసరికి లక్ష్మణమ్మ లేదు. నిద్రలోనే పోయింది.

పెద్దకర్మ రోజు భోజనాలయ్యాక చుట్టాలంతా వెళ్ళిపోయారు. గంగరాజు వసారాలో ఒక్కడే కూర్చున్నాడు. దేవేంద్ర పత్రిక తెచ్చి, కథ ఉన్న పేజీ తీసి అతని పక్కన పెట్టాడు. ఎందుకు పెట్టాడో తనకే తెలియదు. ఏమీ అనిపించలేదు కూడా.

గంగరాజు చివరిదాకా చదివాడు. పత్రిక మూశాడు. ఇన్నేళ్ళకి తమ్ముడి ముఖంలోకి చూశాడు.

"ఎవరికీ సెప్పనని నా సేత ఒట్టేయించుకుని, ఆఖరికి నీకు తనే సెప్పేసిందేట్రా అమ్మ?"