రెండో స్టూలు

పక్కింటావిడ చెప్పిందట, కుర్చీల కార్ఖానాకి ఒక మిషను వస్తోందని. అరచేతిలో పడుతుందట. ఎవరికెంత టైము పడుతుందో చెబితే గీతలు గీసి చూపిస్తుందట. అందులో ఎవరు నత్తనడకో తేలిపోతే వాళ్లని ఇంటికి పంపేస్తారట.

భార్య ఇదంతా కంచం ముందు పెడుతూ చెప్పింది.

"నీ భుజం సంగతి వాళ్లకి తెలుసా?"

"తెలిస్తే ఉంచుతారా?" అన్నాడు పాలిష్ మేస్త్రి.

ఏడాదిగా కుడి భుజం పైకి లేవడం లేదు. కుర్చీకి గంటన్నర, బల్లకి మూడు గంటలు పడుతోంది. వడ్రంగి చేసి పెట్టినవన్నీ పాలిష్ కోసం అతని చుట్టూ పేరుకుపోతున్నాయి.

మర్నాడు అందరికంటే ముందే వెళ్లాడు. పళ్లు బిగబట్టి, ఆ కుప్పలో సగానికి పైగా ఎడమ చేత్తో వెనక షెడ్డులోకి ఈడ్చాడు. పైన గోనె పట్టాలు కప్పాడు.

చెమట తుడుచుకుంటూ వచ్చేసరికి, అతని స్టూలు పక్కన ఎవరో ఇంకో కొత్త స్టూలు వేసి ఉంచారు. పక్కనే కూర్చుని కొలుస్తారన్నమాట.

యజమాని కూతురు వచ్చింది. కాలేజీలో లెక్కలు చెబుతుంది. చేతిలో గ్రాఫు గీసే కాలిక్యులేటర్. ఆ స్టూలు జోలికి పోకుండా బల్ల అంచున కూర్చుంది.

"కుర్చీకెంత, బల్లకెంత పడుతుంది బాబాయ్? ఉన్నదున్నట్టు చెప్పాలి. లేకపోతే లెక్క తిరగబడుద్ది," అని ముందు వడ్రంగిని అడిగింది.

"కుర్చీకి గంట, బల్లకి రెండు గంటలమ్మా," అన్నాడు వడ్రంగి. "మా ఆవిడ తిట్లు గుర్తొస్తే ఇంకో అరగంట."

ఆమె నవ్వుతూ మీటలు నొక్కింది. "మీకు, మేస్త్రీ?"

మేస్త్రి కుడి చెయ్యి ఒళ్లో పెట్టుకున్నాడు.

"కుర్చీ... అరగంట. బల్ల గంట."

వడ్రంగి దగ్గాడు. మేస్త్రి అటు చూడలేదు.

"నిజంగానా?"

"అలవాటైన చెయ్యి కదమ్మా."

ఆమె అంకెలు ఎక్కించి తెర ఇటు తిప్పింది. "చెక్కకో గీత, వడ్రంగానికో గీత, పాలిష్‌కో గీత. మనం చేయగలిగిందంతా ఆ గీతల లోపలే. గీతలు కలిసే ఒక్కో మూలనీ ఈ ప్రోగ్రాం చూసి, ఎక్కడ లాభం ఎక్కువో చెబుతుంది."

"నాదేదమ్మా?"

"అదిగో, అన్నిటికన్నా పైన."

మేస్త్రి ఊపిరి పీల్చుకున్నాడు. వడ్రంగి గీత ఎక్కడో కింద పడి ఉంది, పాపం. ఇంటికెళ్లి భార్యతో ఏమనాలో కూడా అనేసుకున్నాడు.

అంతలో యజమాని వచ్చాడు. "ఏం తేలిందమ్మా?"

"నువ్వనుకున్నది కాదు నాన్నా. పని ఆగేది వడ్రంగం దగ్గర. లాభం ఎక్కువొచ్చే మూలని తాకేది ఆ గీతే. పాలిష్ గీత దానికి అందనంత దూరాన ఉంది. మేస్త్రికి సగం రోజు ఖాళీయే."

ఖాళీ అన్న మాట మేస్త్రి చెవిన పడింది. గీత పైన ఉంటే గండం గడిచినట్టనుకున్నాడు. ఇప్పుడు నిజం చెబితే భుజం బయటపడుతుంది. చెప్పకపోతే ఖాళీ మనిషి.

యజమాని అతని చుట్టూ ఉన్న చోటంతా కలయజూశాడు. "నిన్నటిదాకా ఇక్కడ నడవడానికి సందుండేది కాదే," అని గొణిగి, కొత్త స్టూలు వైపు వేలు చూపించాడు. "మరి దీన్నేం చెయ్యను?"

"తీసుకెళ్లి వడ్రంగి బాబాయ్ పక్కన వెయ్యి నాన్నా. మేస్త్రి ఆ భుజంతో పడే బాధ చూడలేక సాయానికి మనిషిని పెడదామన్నావు గానీ, సగం రోజు ఖాళీగా ఉండే మనిషికి సాయమెందుకు?"