వెండెల్ నలభై రెండో చావు

“సాయంత్రంలోగా ఒకణ్ణి చంపెయ్,” అన్నాడు నిర్మాత బ్రాడ్‌కిన్, స్క్రిప్టు బల్లమీద పడేసి.

వెండెల్ స్క్రిప్టు అందుకున్నాడు. “ఎవర్ని?”

“ఎవర్నైనా సరే. ఐదుగురు మగాళ్ళు ఒక్క గదిలో ఇరుక్కుంటారు. బయట ముప్ఫైమంది దొంగలు తుపాకులు పేలుస్తుంటారు. గంటన్నర సినిమాలో ఒక్కడికి గోరు కూడా ఊడదు! వాళ్ళు దొంగలా, జూలై నాలుగు పండక్కి టపాకాయలు కాల్చుకునే పిల్లలా?”

ఆ కథ రాసిందీ వెండెలే, ఆ ఐదుగురిలో ఒకడిగా వేస్తున్నదీ వెండెలే. హాలీవుడ్‌లో పద్దెనిమిదేళ్ళుగా చిన్నాచితకా వేషాలు వేస్తూ నలభై ఒక్క సినిమాల్లో చచ్చాడు. కత్తికి, తూటాకి, కొండమీంచి పడి, ఒకసారైతే ఎద్దుల కాళ్ళ కింద. ప్రతిసారీ సినిమా సగం కాకముందే. “నేను పాప్‌కార్న్ కొనుక్కొచ్చేలోపే పోతావు. ఒక్కసారైనా చివరి సీన్లో నిన్ను చూపించి, అడుగో మా ఆయన అని పక్కవాళ్ళతో చెప్పుకోవద్దూ!” అని భార్య వెర్నా దెప్పుతూనే ఉంటుంది. అందుకే పంతం పట్టి, ఎవరూ చావని కథ రాసుకున్నాడు పాపం.

“హీరోని చంపితే టికెట్లు తెగవు. కుర్రాణ్ణి చంపితే హీరోయిన్ ఎవర్ని చేసుకుంటుంది? షెరీఫ్ వేషం మా బావమరిదిది,” వేళ్ళు మడుస్తూ లెక్కపెట్టాడు బ్రాడ్‌కిన్. “ఇక మిగిలింది నువ్వూ, ముసలి ఏమస్సూ. నీ ఇష్టం.”

ఇందులో ఆలోచించడానికేముంది? వెండెల్ తన గదికి వెళ్ళి టైపు మిషన్ ముందు కూచున్నాడు. ముసలాయన కిటికీ దగ్గరికి వెళ్తాడు, తూటా తగులుతుంది, పోతాడు. టకటకా నాలుగు లైన్లు కొట్టేశాడు.

గుమ్మంలో దగ్గు వినిపించింది. ఏమస్, చేతుల్లో రెండు కాఫీ కప్పులు. స్టూడియోలో కబురుకి కాళ్ళుండవు, రెక్కలే.

“నేనేనా, అబ్బాయ్?”

వెండెల్ కాగితానికి చెయ్యి అడ్డం పెట్టాడు.

“దాచకులే. ఏడాదిన్నరకి దొరికిన వేషం. పొద్దున్నే లేచి గడ్డం అతికించుకుని వెళ్ళడానికో చోటుంటే చాలు నాకు. ఇంకో పది రోజులు ఉంటుందనుకున్నా, పోనీలే. ఒక్క సాయం చెయ్. కుర్చీలో కూచోబెట్టి చంపు. కిందపడితే ఈ మోకాళ్ళు మళ్ళీ లేవనివ్వవు.”

వెండెల్‌కి తనమీద తనకే అసహ్యం వేసింది. కాగితం లాగి చింపేశాడు.

“మీరు చావడం లేదు. వెళ్ళండి, ఆ గడ్డం సరిచేసుకోండి.”

ఏమస్ గడ్డం తడుముకున్నాడు. ఒక కప్పు వెండెల్ ముందు పెట్టి వెళ్ళిపోయాడు.

ఇంటికి ఫోన్ చేస్తే వెర్నా గొంతు విని కనిపెట్టేసింది. “మళ్ళీ చచ్చావా?”

“ఆ.”

“ఈసారి రాసింది నువ్వేగా, మహానుభావా! రాసుకోవడం కూడా చేతకాదూ?” అని, “మరి ముసలి ఏమస్‌ని బతికించావా?” అంది.

“బతికించా.”

“సరే, పోన్లే. త్వరగా రా, బంగాళాదుంపలు వేయిస్తా.”

మర్నాడు భోజనాలకి ముందే వెండెల్ పని అయిపోయింది. చొక్కా మీద చాక్లెట్ పాకం పోశారు. నలుపు తెలుపు సినిమాల్లో నెత్తురంటే అదే. పొయ్యి పక్కన కుప్పకూలాడు. అందరూ చప్పట్లు కొట్టారు. చొక్కా తుడుచుకుని, టోపీ పెట్టుకుని, పేరుపేరునా చేతులు కలిపాడు. ఏమస్ కళ్ళు తుడుచుకున్నాడు.

గేటు దాకా వెళ్ళాడో లేదో, వెనకనుంచి కాలరు పట్టుకుంది హ్యారియెట్. ఏ షాటులో కప్పు ఎక్కడుందో, ఎవరి గుండీ ఊడిందో రాసుకోవడం ఆవిడ ఉద్యోగం.

“ఎక్కడికి బయల్దేరావ్?”

“చచ్చాగా. ఇంటికి.”

“ఎలా వెళ్తావయ్యా? ఉన్నది ఒక్క గది. బయట ముప్ఫైమంది దొంగలు. నిన్ను మోసుకెళ్ళి పాతిపెట్టే మొనగాడెవడు? ఈ రచయితలంతా ఇంతే, మనుషుల్ని చంపుతారు, శవం సంగతి మరిచిపోతారు! పద, పొయ్యి పక్కన పడుకో. చివరి షాటు దాకా నీ చోటు అదే.”

వెండెల్‌కి క్షణం పాటు ఏమీ అర్థం కాలేదు. అర్థమయ్యాక దాదాపు పరిగెత్తాడు. పొయ్యి పక్కన వెల్లకిలా పడుకుంటే గుండెల మీంచి కొండంత బరువు దిగిపోయినట్లయింది. ఏమస్ భక్తిగా కంబళి తెచ్చి కప్పబోయాడు.

“మొహం మీద వద్దు,” గుసగుసలాడాడు వెండెల్. “వెర్నా చూడాలి.”

దీపాలు వెలిగాయి. కెమెరా తిరిగింది. అంతలోనే డైరెక్టర్ టోపీ తీసి నేలకేసి కొట్టాడు.

“ఆపండి! ఆ శవాన్ని నవ్వొద్దని ఎవరైనా చెప్పండయ్యా!”