మూడో పట్టీ

సచివాలయం వరండాలో ఆ ముసలామె పాపనే చూస్తోంది.

నిస్సీ తన పాప మీదికి కొంగు లాగింది.

పొద్దున్నే ఫోన్లో వీడియో చూసింది. పిల్లల్ని ఎత్తుకుపోయేవాళ్లు తిరుగుతున్నారట. ముసలివాళ్ల వేషంలో, చేతిలో సంచితో. ఏ ఊళ్లోనో చెప్పలేదు. అందుకే మరీ భయమేసింది.

ముసలామె చేతిలోనూ సంచి ఉంది.

"కార్డు ఎవులికే అమ్మీ?" అంటూ దగ్గరికి జరిగిందామె.

"మా ఆయనకి."

అంతకుమించి చెప్పలేదు. ఇంటికో కిడ్నీ రోగి ఉన్న ఉద్దానంలో చెప్పక్కర్లేదు కూడా. జాకబ్‌కి కిడ్నీ జబ్బని మొన్ననే తేలింది. ఆరోగ్యశ్రీ కార్డు వస్తే వైద్యం జరుగుతుంది. రాకపోతే ఏమవుతుందో, అక్కడిదాకా ఆలోచించడానికి నిస్సీకి ధైర్యం చాల్లేదు.

"మరి కార్డులో పిల్ల పేరో?"

"దానికేటయింది? ఈమజ్జినే కాస్త ఒళ్లు సేసింది. అలా సూడకు."

పాస్టరమ్మ వద్దన్నా వినకుండా పాప బుగ్గన కాటుకచుక్క పెట్టుకొచ్చింది నిస్సీ. దాన్నోసారి తడిమి చూసుకుంది.

లోపలి నుంచి పిలుపొచ్చింది. కంప్యూటర్ ముందున్న ఉద్యోగి పేరు సునీల్.

"అక్కా, రేషన్ కార్డులో పాప పేరు లేదు. పుట్టిన సర్టిఫికెట్ తెచ్చారా?"

"ఇంటికాడ ఉంది బాబూ."

"తెస్తే ఇవాళే ఎక్కించేద్దాం. లేదంటే మీ ఇద్దరివీ పెట్టేస్తాను. పాపది తర్వాత."

"పాపకేం తొందర? ముందు ఆయనది అవ్వనీ."

"అయితే వేలు పెట్టండి."

పెట్టింది. మెషిను తీసుకోలేదు. జీడిపిక్కలు ఒలిచే వేళ్లవి. పిక్కల రసం గీతల్ని ఎప్పుడో తినేసింది.

"కొబ్బరినూనె రాసి, తుడిచి పెట్టక్కా. గట్టిగా అదమాల."

రెండు చేతులూ కావాలి. పాపని వెనక, గుమ్మం పక్కనున్న బల్ల మీద కూర్చోబెట్టింది.

రాసింది. తుడిచింది. ఒక చేత్తో రెండో చేతి వేలిని అదిమి పట్టింది. మెషిను వద్దంది. మళ్లీ పెట్టింది. మళ్లీ వద్దంది. ఈ వేలు పడకపోతే జాకబ్ ఏమవుతాడు? ప్రభువా అనుకుంటూ ఇంకోసారి అదిమింది.

పచ్చలైటు వెలిగింది.

నవ్వుతూ వెనక్కి తిరిగింది నిస్సీ.

ముసలామె నేల మీద కూర్చుని ఉంది. పాప కాలు ఒళ్లో పెట్టుకుంది. పట్టీ పక్కన బొటనవేలితో గట్టిగా నొక్కుతోంది. పాప ఏడవడం లేదు. అది చూసి నిస్సీకి ఇంకా భయమేసింది.

"ఓలమ్మో! నా పిల్లని ఒగ్గీ!"

"పట్టీలు తీసీయే అమ్మీ. బేగి తీసీ. బిగిసిపోనాయి."

"సూడండి, పట్టీలు తీసీమంటంది!"

వరండా అంతా లేచింది.

"పిల్లల్నెత్తుకుపోయేది ఇదే గావాల!"

"పొద్దున్నే అనుకున్నాను, ఆ సంచీ సూసి!"

ఎవరో ఆమెను రెక్క పట్టుకుని లాగారు. కొంగుముడి ఊడింది. చిన్న వెండిపట్టీ ఒకటి ఘల్లుమని కింద పడింది.

"అదిగో! అప్పుడే ఊడదీసీసింది కూడాను!"

ఒకాయన పట్టీని తీసి నిస్సీ చేతిలో పెట్టాడు. "జాగర్త తల్లీ. పిల్లనట్టుకుని ఇంటికెల్లిపో."

ముసలామె చెయ్యి చాపింది. "అది నాది. ఇచ్చీ అమ్మీ. నాదే."

"నీ కాలికి పడతాదేటే?" అన్నారెవరో. అందరూ నవ్వారు.

ఆమెను గేటు బయటికి నెట్టేశారు. అక్కడి నుంచి కూడా అరుస్తూనే ఉంది.

"పిల్ల పేరు రాయించే అమ్మీ! పిల్ల పేరు!"

ఆటో ఎక్కింది నిస్సీ. పాపని ఒళ్లోకి తీసుకుని కాళ్లు చూసింది.

రెండు కాళ్లకీ రెండు పట్టీలూ ఉన్నాయి.

చేతిలోది మూడోది. కొక్కెం ఊడలేదు. మధ్యలో తెగి ఉంది.

ఇంటికెళ్లగానే పాప పట్టీ తియ్యబోయింది. కొక్కెం చర్మంలో కూరుకుపోయింది. సబ్బునీళ్లు పోసి ఎలాగో తీసింది. పట్టీ వచ్చింది గానీ దాని గాడి అలాగే ఉండిపోయింది.

ముసలామె నొక్కినచోటే నిస్సీ కూడా నొక్కింది. లొత్త పడింది. ఎంతకీ పూడలేదు.

"ఒళ్లు సేసిందనుకున్నాం కదా?" అంది.

జాకబ్ ఆ లొత్తని చూశాడు. వాచిన తన కాళ్లవంకా చూసుకున్నాడు.

మర్నాడు పలాస వెళ్తూంటే ఆటో సచివాలయం ముందునుంచే పోయింది. వరండాలో ముసలామె ఉన్న మూల ఖాళీగా ఉంది.

ఆసుపత్రిలో నర్సు పార్వతమ్మ పాప కాలిని అచ్చం అలాగే నొక్కింది.

"నీరు పట్టింది. డాక్టరుగారు విశాఖపట్నం రాస్తారు. ఏడవకు, మంచి టైములోనే తెచ్చావు. కార్డులో పిల్ల పేరుందా?"

నిస్సీ తల అడ్డంగా ఊపింది.

"ముందు ఆ పని సెయ్. ఇంతకీ నీకెవరు సెప్పారు?"

"ఎవులో ముసలామె. నేనే దొంగదని అరిసీసినాను." నిస్సీ పర్సులోంచి తెగిన పట్టీ తీసి బల్ల మీద పెట్టింది. "ఇది ఆవిడ కొంగులోంచి పడింది. ఏ పిల్లదో తెల్దు."

పార్వతమ్మ పట్టీని చేతిలోకి తీసుకుంది. తెగినచోట వేలితో తడిమింది.

"ఆవిడ జగదాంబ," అంది. "ఒళ్లు సేసిందని మురిసిపోయి, మనవరాల్ని ఆలస్యంగా తెచ్చిందమ్మా, కార్డులో పేరూ లేకుండా. కాలు వాచి ఇది రాకపోతే, ఈ బల్ల మీదే, నేనే కోసి తీశాను."