తొమ్మిది నిమిషాల షాట్

నాలుగో టేకు ఆఖరి నిమిషంలో ఫ్రేములోకి ఒక మోచేయి వచ్చింది.

"కట్!" అంది దర్శకురాలు. గొంతులో ప్రాణం లేదు.

ఆమె తీస్తున్నది కోతల్లేని, సంగీతం లేని ఓ ప్రయోగం. ఒక స్త్రీ నాలుగంతస్తుల మెట్లు దిగి వీధిలోకి వెళ్ళిపోతుంది. తొమ్మిది నిమిషాలు, ఒకే షాట్. వినపడాల్సింది అడుగుల చప్పుడొక్కటే. ప్రయోగమంటే తీసేవాళ్ళకు తపస్సు, చుట్టుపక్కలవాళ్ళకు తలనొప్పి. రెండేళ్లు కాళ్లరిగేలా తిరిగితే ఈ భవనంలో ఒక్క రోజుకు అనుమతి దొరికింది. ఎండ పోయిందా, ఇక అంతే సంగతులు.

మోచేయి గేటు దగ్గరి పెద్దాయనది. మాసిన చొక్కా, చేతిలో గొడుగు. పొద్దుట్నుంచీ అక్కడే ఉన్నాడు. మధ్యమధ్య మెట్లెక్కి పైకి పోతాడు, మళ్ళీ దిగి వస్తాడు.

"ఏం తాతగారూ, ఇంట్లో పొద్దుపోవట్లేదా?"

"అది కాదమ్మా, ఎవరో లోపలికి..."

"మీ వల్ల టేకంతా పాడైంది. మీకు దణ్ణం పెడతాను, ఇక్కణ్ణుంచి వెళ్ళండి."

ఆయన ఒకసారి మెట్ల వైపు చూశాడు. "సరేనమ్మా" అని గొడుగు చంకన పెట్టుకుని వెళ్ళిపోయాడు. ఆమె అటు చూడను కూడా లేదు.

ఐదో టేకులో నీళ్ల మోటారు మోగింది.

ఆరో టేకులో రెండో అంతస్తు పిల్లలు బిలబిలమంటూ దిగారు.

ఏడోసారి ఎవరో ఫోనులో అరుస్తూ గేటు తోసుకుని వచ్చేశారు.

ఎనిమిదో టేకుకి ఎండ లేదు.

ఆమె మెట్ల మీద కూలబడింది. రెండేళ్ల కష్టం నీళ్లపాలైంది. ఏడవడానికి కూడా ఓపిక లేదు.

"పొద్దున ఇంత గోల లేదే!" అంది.

సౌండు చూసే కుర్రాడు తన హెడ్‌ఫోను తీసి ఆమెకిచ్చాడు.

"అక్కా, టేకుల మధ్య పైన మెట్ల మీద పెట్టిన రికార్డరు ఆపడం మర్చిపోయాను. ఇది విను."

మెట్ల మీద చెప్పుల చప్పుడు. ఎవరిదో తలుపు తట్టిన చప్పుడు. ఆ తర్వాత పెద్దాయన గొంతు.

"ఒక్క పది నిమిషాలు మోటారు వెయ్యకండి తల్లీ. పిల్లల్ని కూడా కాస్త ఆపండి. కింద ఆ అమ్మాయి సినిమా తీసుకుంటోంది."

"ఇది నాలుగోసారి రావడం. ఇంతకీ మీరెవరండీ? ఈ బిల్డింగులో ఎప్పుడూ చూళ్ళేదు."

చిన్న నవ్వు వినిపించింది.

"షూటింగుల్లో జనాన్ని ఆపి, చప్పుడు లేకుండా చూడటమే ముప్పై ఏళ్లు నా పనమ్మా, పిలిచేవాళ్లు లేక ఇంట్లో కూర్చున్నాను, దారిన పోతూ కెమెరా చూసి ఆగాను, ఇవాళ మళ్ళీ పని దొరికింది."