తిట్టే వంతు

మా కొండమీద ఓర్గా నక్షత్రాన్ని రాత్రంతా ఎవరో ఒకరు తిడుతూ ఉండాలి. తిట్లు ఆగితే అది కిందికి దిగి ఒక మనిషిని పట్టుకుపోతుంది. పోయిన చలికాలం మా మరిది తోర్న్ తన వంతున నిద్రపోయాడు. తెల్లారేసరికి నా కూతురు ఈల్వి పక్క ఖాళీగా ఉంది.

అప్పటినుంచి వాడి వంతు కూడా నేనే తిడుతున్నాను. అందులో సగం తిట్లు వాడికే. ఈ రాత్రీ బురుజెక్కాను.

"దిక్కుమాలినదానా, పసిదాన్ని మింగి మళ్ళీ ఏ మొహం పెట్టుకుని వచ్చావే?"

మామూలుగా మొదటి తిట్టుకే వెనక్కి జరిగేది. ఇవాళ కదల్లేదు. గాలి కూడా ఆగిపోయింది.

ఈల్వి నా పక్కనే కూర్చుని, "గట్టిగా తిట్టమ్మా, దానికి వినపళ్ళేదు" అని నవ్వేది. అది గుర్తొచ్చి ఒళ్ళు మండింది. గొంతు చిరిగేలా అరిచాను.

"నీ కళ్ళు పేలిపోను. నీ వెలుగు బూడిదైపోను."

పైనుంచి చిన్న గొంతు వినిపించింది.

"మెల్లిగా తిట్టమ్మా. నాకు వినపడతానే ఉంది."

నోటిదాకా వచ్చిన తిట్టు అక్కడే ఆగిపోయింది.

కింద తోర్న్ తలుపు తీశాడు. "వదినా, ఆపేశావేంటి? తిట్టు, తిట్టు."

నక్షత్రం దిగుతోంది. నోరు తెరిచాను.

"చలేస్తోందా తల్లీ" అన్నాను.